దళారిని వెళ్ళగొట్టి చేను పోగొట్టిన వైనం

పాఠక మహాశయులారా, ఏనుగులు తొక్కిన చేలను గురించి మీరు విని ఉంటారు. మిడుతలు మేసిన చేలను గురించీ విని ఉంటారు. కుర్చీలోనుండి లేవకుండా, ఫ్యాను గాలి అనుభవిస్తూ, ఒక్క వేలితో, ఏరడానికి సిద్ధంగా ఉన్న పత్తిచేనును నామరూపాలు లేకుండా చేసిన ఘనుణ్ణి గురించి మాత్రం విని ఉండరు. ఆ ఘనుడు నేనే. ఆ చేను నా భార్యది. మిడుతకైనా ఆకలి అన్న సాకు ఒకటి ఉంటుంది. నాకు అదీ లేదు.

అప్పటికి కళాశాలలో తెలుగు బోధించి విరమించి నాకు ఏడాది కూడా కాలేదు. జీవితమంతా తరగతి గదిలో తానడిగిన ప్రశ్నకు తానే సమాధానం చెప్పుకొని, ఆ సమాధానాన్ని తానే మెచ్చుకొన్న మనిషికి, లోకంలో తనకు తెలియనిదొకటి ఉన్నదన్న శంక కలుగదు. ఒకవేళ కలిగినా, అది ఎదుటివాని అజ్ఞానమని సర్దుకొంటాడు. ఆనాటి నన్ను ఈనాడు తలచుకొంటే, పెద్ద తలపాగా కింద తల ఉన్నదా లేదా అని తడిమి చూడాలనిపిస్తుంది.

కరీంనగర్‌లోని మా ఇంటికి, హైదరాబాదులో ఉద్యోగం చేసే మా అమ్మాయి శ్రావణి ఒక కంప్యూటర్ తెచ్చి పెట్టింది. నాకేమో ప్రబంధ వ్యాఖ్యానం టైపు చేసుకొనడానికి, వాళ్ళ అవ్వకేమో, అంటే నా భార్యకేమో, ఆడుకొనడానికి.

నవ్వకండి. నా భార్య రాజేశ్వరి చొప్పదండి వైపు సేద్యగాళ్ళ ఇంటి ఆడపడుచు. పత్తిచేల గట్లమీద పెరిగిన మనిషిని తెచ్చి నేను పట్టణంలో మూడో అంతస్తులో పెట్టాను. పెండ్లయిన నాటినుండి ఆమెకు మిగిలిన సేద్యమల్లా రెండు తులసి కుండీలు, ఒక కరివేప మొక్క. అట్టి మనిషికి కూతురు తెరమీద ఒక చేనును చూపించింది. దున్నవచ్చు, విత్తవచ్చు, ట్రాక్టరు తోలవచ్చు, బర్రెలను పెంచవచ్చు. ఇక చెప్పేదేమున్నది! ఆరు నెలలు తిరిగేసరికి రాజేశ్వరి ఆ తెరలో ఒక భూస్వామిని అయిపోయింది. కొట్టంలోని పెద్ద బర్రెకు తన పుట్టినింటి బర్రె పేరే, లచ్చి అని, పెట్టుకొన్నది.

ఆమె చెల్లెలు విమల ఆదిలాబాదులో జిన్నింగు మిల్లువారి కోడలు. పత్తిని గురించి ఎవరు మాట్లాడినా తన అనుమతి తీసుకొనవలెనని ఆమె నమ్మకం. ఫోనులో ఈ సంగతి విని పడి పడి నవ్వింది.

"కంప్యూటర్ల పత్తేందే అక్కా? గా దూదితోని దీపానికి ఒత్తులు జేస్తవా?"

"నవ్వు, నవ్వు. ఒక్కసారి వచ్చి జూడు. చేనంత తెల్లగ పలిగినంక నువ్వొచ్చేదాక ఏరకుంట ఉంచుత. అప్పుడు మాట్లాడు."

అన్న మాట ప్రకారం చేను విరగకాసి, పలిగి తెల్లబడినా రాజేశ్వరి ఒక్క కాయ ముట్టలేదు. చెల్లెలు కండ్లారా చూసి నోరు మూసుకోవాలన్నది ఆమె పంతం. మరునాడు ఉదయం విమల వస్తుందనగా, నాకు జ్ఞానోదయమైంది.

ఆ జ్ఞానోదయానికి కారణం లాంచర్ అనే ఒక పదార్థం. ఆటలను ఇంటర్నెట్టునుండి తెచ్చి దింపి, తలుపు తీసి చూపించే మధ్యవర్తి అది. కంప్యూటర్ తెరిచానో లేదో, పెండ్లికి పిలువని చుట్టం పంక్తిలో మొదటి విస్తరి ముందు కూర్చున్నట్లు, నాకంటే ముందు తాను ప్రత్యక్షమయ్యేది. నేను ప్రబంధ నాయిక నడుము ఉన్నదా లేదా అన్న గంభీర సమస్యలో మునిగి ఉండగా, ఖడ్గం పట్టిన కండల వీరుడొకడు తెరమీదికి దూకి తనను కొనుక్కొమ్మని అరిచేవాడు. యంత్రమంతా ఆయాసపడేది. నేను మండిపడేవాణ్ణి.

"రాజేశ్వరీ, ఈ లాంచరును తొలగిస్తున్నాను," అని ప్రకటించాను.

బజారుకు బయలుదేరి చెప్పులు తొడుక్కొంటున్న ఆమె ఆగిపోయింది.

"తీసేస్తే నా చేను?"

"చేనుకేమి? అంగట్లో దళారిని వెళ్ళగొడితే పత్తి పోతుందా? దళారి వేరు, సరుకు వేరు. ఇది తర్కం."

"తర్కం గిర్కం నాకెర్క లేదు. రేపు విమల వస్తది. జర శ్రావణికి ఫోన్ జేసి అడుగరాదు?"

"వందలమంది సందేహాలు తీర్చినవాణ్ణి. కన్నబిడ్డను అడగడమా?"

"అడిగితే నోట్లకెల్లి ముత్యాలు రాల్తయా?"

"ఎందుకైనా మంచిదని ముందుగా ఆటలన్నిటికీ ప్రతి తీసి భద్రపరుస్తాను. చాలునా?"

"అయినా పోతే?"

"పోతే నన్నడుగు!"

"నిన్నడిగితె పత్తి వస్తదా?" అని సంచి భుజాన వేసుకొని ఆమె మెట్లు దిగిపోయింది. ఆ ప్రశ్నలోని గాంభీర్యాన్ని గుర్తించే స్థితిలో నేను లేను. సింహం లేని అడవిలో నక్కలా, ఖాళీ ఇంట్లో నేను విజృంభించాను.

తెరమీద ఆటల బొమ్మలు వరుసగా ఉన్నవి. ట్రాక్టరు బొమ్మ మీద నొక్కితే చేను తెరుచుకొంటుంది కనుక, ఆ బొమ్మే చేను అని నా సిద్ధాంతం. తలుపు గంట నొక్కితే ఇల్లాలు వస్తుంది కనుక తలుపు గంటే ఇల్లాలు అన్నంత గొప్ప సిద్ధాంతం! ఆ బొమ్మలన్నిటినీ ఒక పాత పెన్‌డ్రైవులోకి కాపీ చేశాను. శ్రావణి దింపినప్పుడు నాలుగు రోజులు పట్టిన ఆట, నా చేతిలో రెప్పపాటులో ఇమిడిపోయింది. బుద్ధి ఉన్నవాడైతే అక్కడ ఆగి ఇదేమి వింత అని తల గోక్కొంటాడు. నేను మాత్రం సముద్రాన్ని పుడిసిట పట్టిన అగస్త్యుడు నా ముందెంత అనుకొన్నాను. పర్వతాన్ని తెమ్మంటే పర్వతం పటాన్ని చుట్టి చంకలో పెట్టుకొచ్చి, "ఎంత తేలిక!" అని మురిసిపోయే హనుమంతుణ్ణి ఊహించుకోండి. ఆ పెన్‌డ్రైవును పట్టుగుడ్డలో చుట్టి, దేవుని అరలో విభూతి భరిణె పక్కన పెట్టి, దండం కూడా పెట్టాను.

తరువాత అన్‌ఇన్‌స్టాల్ అన్నదానిని నొక్కాను. "ఇందులోని ఆటలు కూడా అన్నీ తొలగిపోతాయి, సమ్మతమేనా?" అని యంత్రం ఆంగ్లంలో అడిగింది. నేను దానిని చదవలేదని అబద్ధమాడను. చదివాను. చదివి నవ్వాను. కొలువు పోతున్న దళారి 'నేను లేకుంటే నీకు సరుకెట్ల దొరుకుతదో జూస్త' అని బెదిరించడం అంగట్లో మామూలే గదా! పైగా ప్రతి నా వద్ద, సాక్షాత్తు దేవుని సన్నిధిలో ఉన్నది. సమ్మతమే అన్నాను.

కాసేపు గురగురలాడి యంత్రం శాంతించింది. బండెడు బరువు దించిన ఎద్దులాగా హాయిగా ఊపిరి పీల్చింది. ఆ ప్రశాంతతలో నాయిక నడుము లేనేలేదని రెండు పుటలు నిరూపించాను.

రాజేశ్వరి వచ్చింది. సంచి కూడా దించకుండానే అడిగింది.

"అయిందా?"

"నిర్విఘ్నంగా."

"ఏది, చేను తీయి."

చూస్తే తెరమీద ట్రాక్టరు లేదు. నేను చిరునవ్వు నవ్వి, గర్భాలయంలోనుండి ఉత్సవ విగ్రహాన్ని తెచ్చినట్లు పెన్‌డ్రైవును తెచ్చి గుచ్చాను. అందులో ట్రాక్టరు ఉండవలసినచోట ఒక తెల్లకాగితం బొమ్మ ఉన్నది. నొక్కాను. తెరుచుకోలేదు. గట్టిగా నొక్కాను, గట్టిగా నొక్కితే యంత్రం భయపడుతుందేమోనని. యంత్రం భయపడలేదు. నేను భయపడ్డాను.

"ఏదయ్యా లచ్చి?" అన్నది రాజేశ్వరి.

మహాశయులారా, పరీక్షాధికారులు నన్ను ఎన్నో ప్రశ్నలడిగారు. అంత చిన్న ప్రశ్నకు జవాబుగా పెన్‌డ్రైవును ఊడదీసి, పట్టుగుడ్డతో తుడిచి, మళ్ళీ గుచ్చడం మాత్రం అదే మొదలు. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్ళన్నవాడు నయం. వాని చేతిలో కుందేలైనా ఉన్నది. నేను పట్టినది కుందేలు బొమ్మ.

ఫోను రాజేశ్వరే చేసింది. శ్రావణి అంతా విని నన్నొకే మాట అడిగింది.

"బాపూ, కాపీ ఎంత సేపట్ల అయింది?"

"చిటికెలో."

అవతల ఏదో దగ్గులాంటిది వినిపించింది. నవ్వును మింగితే వచ్చే దగ్గు అది.

"బాపూ, గవి ఆటలు కావు. ఆటలకాడికి దారి జూపే బొమ్మలు. అసలు ఆటలు లాంచర్ ఫోల్డర్ లోపట్నే ఉంటయ్. ముందుగాల ఆటల ఫోల్డరును వేరేకాడికి జరిపి, అటెన్క లాంచర్ తీసెయ్యాలె. నువ్వు దర్వాజ బొమ్మ దాచిపెట్టి ఇల్లు గూలగొట్టినవ్."

రాజేశ్వరి నా చేతిలోని ఫోను లాక్కొన్నది. "బిడ్డా, ఇగ నా చేను లేనట్టేనా? లచ్చి పోయినట్టేనా?" అంతవరకు అది ఆట అనే అనుకొంటున్నాను నేను.

"ఫికర్ జెయ్యకు అవ్వా. ఆట మల్ల దింపుకోవచ్చు. నువ్వు ఏడిదాక పండించినవో గది డాక్యుమెంట్స్ల వేరుగ ఉంటది. బాపు గది ముట్టలే గద?"

రాజేశ్వరి నా వైపు చూసింది.

"డాక్యుమెంట్స్‌లో నా వ్యాఖ్యానమున్నది," అన్నాను. "దాని జోలికి పోతానా?"

"అంటే నీ పుస్తకం మీది పాణంతోని నా చేను బతికింది," అన్నది ఆమె. "నా మీది పాణంతోని కాదు."



లాంచరును మళ్ళీ సగౌరవంగా ఆహ్వానించి, ఆటను దింపడానికి పెట్టాము. మా వీధి ఇంటర్నెట్టు వేగం ఎట్టిదంటే, నత్త దానిని చూసి జాలిపడుతుంది. మరునాడు ఉదయం ఆదిలాబాదు బస్సు దిగి విమల వచ్చేసరికి, తెరమీద ఆట ఎంతవరకు దిగిందో చూపే గీత చేతివేలి గోరంతే పెరిగింది.

"ఏదే అక్కా నీ పత్తి?"

"మీ బావనడుగు," అని రాజేశ్వరి వంటింట్లోకి వెళ్ళిపోయింది.

నేను గొంతు సవరించుకొని దళారి తర్కమంతా ఆమెకు వివరించాను. విమల నడుముమీద చేతులు పెట్టుకొని విన్నది.

"అరె దేవా! బావా, సరుకంత దళారి గోదాముల్నే ఉన్నది. తాళం గూడ దళారి మొలతాడుకే ఉన్నది. గసువంటోన్ని గోదాముతోని సహా ఊరి బయట పారేసి, పత్తేడికి పోయిందని ఎతుకుతున్నవా? మా మిల్లుల పిల్లి గూడ గిట్ల జెయ్యది."

అంతటితో ఊరుకొంటే నేను నేనెట్లవుతాను?

"విమలా, తెరతో పనేమి? ఆ చేనును సీసపద్యంలో నీ కన్నులకు కట్టిస్తాను. విను. శరన్మేఘములు గుంపులై భూమికి దిగివచ్చి..."

"ఆగు, ఆగు! పత్తి జూపెట్టుమంటే పద్యం జూపెడుతవా? నీ పద్యంల పింజ ఎంత పొడుగున్నదో జెప్తవా? తేమ ఎంతున్నదో జెప్తవా? మీగడ పెట్టుమంటే మేఘం జూపెట్టే మనిషివి. అక్కా, నేను గా చేను జూసేదాక ఆదిలాబాద్ పోను!"

ఆ మాట మీద ఆమె నిలబడింది. అక్కాచెల్లెళ్ళిద్దరూ తెర ముందు కుర్చీలు వేసుకొని, సర్వపిండి తింటూ, ఆ గీత పెరగడాన్ని టీవీ సీరియలు చూసినట్లు చూడసాగారు. నాకు సర్వపిండి అంచులు మాత్రమే దక్కేవి. మధ్యలో కరెంటు పోతే విమల కేకవేసేది.

"బావా, కరెంటును గూడ తీసేసినవా?"

నల్లా నీళ్ళు రాకపోతే, "నల్లాను గూడనా?" పాలవాడు ఆలస్యమైతే, "పాలోన్ని ఏ ఫోల్డర్ల పారేసినవ్ బావా? జర మల్ల ఇన్‌స్టాల్ జెయ్యి, చాయ్ తాగాలె." మరదలు మాటకు బావ కోపించరాదని మనవారు పెట్టిన ఆచారం ఎంత క్రూరమైనదో ఆ దినాలలో తెలిసివచ్చింది. రాజేశ్వరి మాత్రం ఒక్క మాట అనలేదు. నా పళ్ళెంలో అన్నం పెట్టేది, తెరవైపు చూసేది. తిట్టినవాళ్ళ దగ్గర తల దాచుకోవచ్చు. తిట్టనివాళ్ళ దగ్గర దాచుకోవడానికి చోటు ఉండదు.

ఎట్టకేలకు ఒక మధ్యాహ్నం గీత చివరంటింది. రాజేశ్వరి ట్రాక్టరు బొమ్మను నొక్కింది. తెర నల్లబడింది. మెల్లగా వెలుతురు వచ్చింది.

తెల్లని చేను. ఆ చివరనుండి ఈ చివరిదాకా, గింజంత ఖాళీ లేకుండా, పలిగిన పత్తి. కొట్టంలో లచ్చి తోక ఆడిస్తూ నిలబడి ఉన్నది.

విమల ముందుకు వంగి చాలాసేపు చూసింది.

"చాంగ్లా ఉన్నదే అక్కా," అన్నది చివరికి, నెమ్మదిగా, ఆదిలాబాదు మరాఠీ మాటతో మెచ్చుకొంటూ. "మా అత్తగారి చేను గూడ ఎన్నడు గింత తెల్లగ లేకుండె."

రాజేశ్వరి కండ్లు తుడుచుకొని, లేచి నిలబడి, కుర్చీని నావైపు తిప్పింది.

"గూసో."

"ఎందుకు?"

"ఏరు. నువ్వు పోగొట్టిన పత్తి నువ్వే ఏరాలె."

పత్తి ఏరే యంత్రం ఎక్కాను. మొదటి మలుపులోనే దానిని కంచె తెంపి బర్రెల కొట్టంలోకి తోలాను. లచ్చి నన్ను చూసిన చూపు నా విద్యార్థులెవరూ చూడలేదు. "ఎడమకు! ఎడమకయ్యా! గది కుడి!" అని రాజేశ్వరి కేకలు వేస్తుంటే, విమల నవ్వాపుకోలేక నేలమీద కూలబడి, భర్తకు ఫోను చేసి, జిల్లా అంతటికీ వినబడేటట్లు చెప్పింది:

"ఇగో, విన్నరా? మా బావకు మల్ల కొలువు దొరికింది. మా అక్క కాడ జీతముంటుండు!"

కనుక, మహాశయులారా, పంచభూతాల సాక్షిగా, అష్టదిక్పాలకుల సమక్షంలో ప్రతిజ్ఞ చేస్తున్నాను. ఈ జన్మలో ఏ యంత్రంనుండీ ఏ లాంచరునూ తొలగించను. తొలగించవలసి వస్తే ముందుగా ఆటల ఫోల్డరును పక్కకు జరపమని పదిమందికీ చెబుతాను గాని, నేను మాత్రం ముట్టను. ఖడ్గం పట్టిన ఆ కండల వీరుడు నా వ్యాఖ్యానం మీద నిలబడి నాట్యమాడినా నోరు విప్పను. ఇంకా గంభీరంగా నాలుగు శపథాలు చేయవలసి ఉన్నది గాని, వీలు లేదు. తెరమీది తూర్పు చెలకకు విత్తనాల పని పడింది, యజమానురాలు పిలుస్తున్నది.