పిలిచిన నోటితోనే

శుక్రవారం నాకు నిద్ర రోజు. మిగతా ఆరు రోజులూ నేను కంపెనీవాణ్ణి, ఆ ఒక్కరోజు మాత్రం నా మంచానివాణ్ణి. ఒమాన్ దేశంలోని మబేలాలో మా రూమ్‌లో గురువారం పడుకునే ముందే అందరం ఫోన్లలో అలారాలు తీసేస్తాం. అలాంటి శుక్రవారం పొద్దున్నే క్యాంప్ బాస్ తలుపు బాదాడు. చేతిలో పచ్చ టీషర్టుల కట్ట. జింకలను పెంచి తిరిగి అడవిలో వదిలే కేంద్రం ఒకటి ఉందట. కంపెనీ తరఫున మేమంతా అక్కడికి వెళ్లి ఒకరోజు సేవ చేయాలట. మూలిగే నక్క మీద తాటికాయ పడిందంటే ఇదే అనుకుంటూ లేచాను. టీషర్టు వెనక ఇంగ్లీషులో వాలంటీర్ అని రాసి ఉంది.

“వాలంటీర్ అంటే ఏంది తమ్మీ?” అని పక్క మంచం మీది అన్న అడిగాడు.

“పైసలియ్యని డ్యూటీ,” అన్నాను.

ఆయన నవ్వాడు. నాకు ఒళ్లు మండింది. ఆ వారమంతా స్లాబు పని. భుజాలు నావి కావన్నట్టు వేలాడుతున్నాయి. చెయ్యెత్తి టీషర్టు తొడుక్కోవడమే ఒక పనైంది.

అన్న నాకు వరసకు ఏమీ కాడు. ఇద్దరిదీ జగిత్యాల దిక్కే గానీ ఊళ్లు వేరు. గల్ఫ్‌కు నాకంటే ముందు వచ్చాడు కాబట్టి అన్న. సైట్‌లో సెంట్రింగ్ కొడతాడు. కానీ పుట్టింది గొర్లు, మేకలు కాసే ఇంట్లో. బడికి వెళ్లాల్సిన వయసులో మంద వెనక వెళ్లాడు. ఆ రోజు మా అందరిలో గడ్డం గీసుకుని, తల దువ్వుకుని బస్సెక్కింది ఆయనొక్కడే. పెళ్లిచూపులకు పోతున్నావా అని ఎవరో ఎగతాళి చేసినా పట్టించుకోలేదు.

బస్సులో అందరం తలలు వాల్చేశాం. ఆయన మాత్రం కిటికీకి అతుక్కుని, నా మోచేతిని పొడుస్తూనే ఉన్నాడు. “అగో, జమ్మి చెట్టు. ఈ రాళ్లల్ల గూడ జమ్మి మొలిచింది జూడు.” నేను కళ్లు తెరవకుండానే ఊఁ కొట్టాను. “జింకలంటే ఎవలనుకున్నవ్? మన మేకలకు చెల్లెండ్లే,” అన్నాడు. దానికీ ఊఁ కొట్టాను.

కేంద్రం అంటే ఏదో పార్కులా ఉంటుందనుకున్నాను. కంకర నేల, పొడవాటి కంచెలు, నీడ కోసం కట్టిన వలలు, దూరంగా బోడి కొండలు. అంతే. అక్కడ జింకలను చూసుకునే ఒమానీ పెద్దాయన మమ్మల్ని వరుసగా నిలబెట్టాడు. తెల్లటి పొడుగు అంగీ, తలకు కుట్టుపని టోపీ. హిందీ మాకంటే బాగా మాట్లాడతాడు. జింకలను ముట్టుకోవద్దు, ఏమీ తినిపించవద్దు, కంచె దగ్గర మాట్లాడవద్దు అని చెప్పాడు. మనిషి మంచివాడని జింక నమ్మిందంటే దాని పని అయిపోయినట్టేనట. బయట వదిలాక వేటగాడి బండి వస్తే పారిపోవాల్సింది పోయి ఎదురు వెళ్తుందట.

తర్వాత ఒక కంచె దగ్గరికి తీసుకెళ్లాడు. లోపల చిన్న మంద. మందకు దూరంగా ఒక పిల్ల నిలబడి ఉంది. మట్టిరంగు ఒళ్లు, పుల్లల్లాంటి కాళ్లు, మొహానికి పెద్దవైపోయిన చెవులు. ఈనగానే తల్లి చచ్చిపోయిందట. చెక్కకు రంధ్రం చేసి, అందులోంచి పాలపీక పెట్టి సాకారట. పాలిచ్చిన మనిషి మొహం కూడా దానికి తెలియకూడదని అంత జాగ్రత్త. ఇప్పుడు గడ్డి మేస్తోంది. వచ్చే వారం ఈ మందను బండిలో తీసుకెళ్లి పెద్ద అడవిలో వదులుతారు.

“మనిషిని చూసి పరుగెత్తితే ఇది కూడా పోతుంది. పరుగెత్తకపోతే బతికినన్నాళ్లూ ఈ కంచెలోనే,” అన్నాడు పెద్దాయన. ఒక అడుగు ముందుకు వేసి చూపించాడు. పిల్ల గిరుక్కున తిరిగి మందలోకి దూకింది. పెద్దాయన మొహం వెలిగింది.

ఇక పని మొదలైంది. లారీలోంచి ఎండుగడ్డి కట్టలు దించాలి, నీళ్ల తొట్లకు పట్టిన పాచి గీకాలి, చిరిగిన వలలు విప్పి కొత్తవి కట్టాలి. కాసేపటికి ఆఫీసు వాళ్లు కారులో వచ్చారు. తలా ఒక గడ్డి కట్ట భుజాన పెట్టుకుని ఫోటోలు దిగారు. ఫోటో అయిపోగానే కట్టలు కింద పడేసి వెళ్లిపోయారు. అవి మళ్లీ మా భుజాల మీదికే వచ్చాయి. ఎండ ఎక్కుతున్నకొద్దీ నాకు జింకలూ కనిపించడం మానేశాయి, కొండలూ కనిపించడం మానేశాయి. ఎదురుగా గడ్డి కట్ట, దాని వెనక ఇంకో గడ్డి కట్ట. జంతువులను కాపాడుతున్నామన్న సంతోషం నాకైతే రవ్వంత కూడా కలగలేదు. అప్పుడప్పుడూ కంచెలోకి చూసి, నీడలో కాళ్లు ముడుచుకుని పడుకున్న జింకలను చూసి అసూయపడ్డాను.

మధ్యాహ్నం బిర్యానీ పొట్లాలు పంచారు. అన్న పొట్లం నా దగ్గరే ఉండిపోయింది. మనిషి లేడు. నడుం వాల్చుదామనుకున్నవాణ్ణి తిట్టుకుంటూ వెతకడానికి లేచాను.

ఆ పిల్ల ఉన్న కంచె దగ్గర గొంతుక్కూర్చుని ఉన్నాడు. నాలుక కొసతో ట్ర్‌ర్‌ర్... ట్ర్‌ర్‌ర్ అని సన్నగా చప్పుడు చేస్తున్నాడు. మా ఊళ్లలో తప్పిపోయిన మేకపిల్లను పిలిచే చప్పుడు. అరచెయ్యి కంచెకు ఆనించి ఉంది. పిల్ల ఇనుప తీగల మధ్యలోంచి నాలుక చాపి ఆ చెయ్యి నాకుతోంది. పొద్దున్నుంచి పట్టిన చెమట ఉప్పు కదా, వదలడం లేదు. మా చెమటను అంత ఇష్టంగా తీసుకున్నవాళ్లను ఈ దేశంలో నేను అదే మొదటిసారి చూడటం. అన్న కళ్లు సగం మూసుకుని ఉన్నాయి. ఆ మొహంలో అలసట లేదు. ఒక్క క్షణం పిలవకుండా ఊరుకుందామనిపించింది.

నా వెనకే పెద్దాయన వచ్చాడు. అరవలేదు. కంచె దగ్గరికి గబగబా నడిచాడు. పొద్దున ఆయనను చూసి పారిపోయిన పిల్ల ఈసారి కదల్లేదు. పైగా మెడ చాచి ఆయన చేతికేసి చూసింది. పెద్దాయన నిలబడిపోయాడు.

“ఖలాస్,” అన్నాడు. “ఇది ఇక పోదు.”

అన్న లేచి నిలబడ్డాడు. “నేను మాట్లాడలే సాబ్,” అని హిందీలో చెప్పి నా వైపు తిరిగాడు. “నిజంగ మాట్లాడలే తమ్మీ. పిలిచుడు మాటనా? ఒంటిగ నిలబడ్డ పిల్లను జూస్తే నాలుక దానంతటదే కొట్టుకుంటది. నాకు ఎరుకనే లేదు.”

నేను ఆ ముక్కలు పెద్దాయనకు వివరించాను. ఆయన కోపగించుకోలేదు. కోపగించుకుని ఉంటే నాకు తేలికగా ఉండేది. ఎంత ఓపికతో సాకారో చెప్పి, చెక్క రంధ్రం దిక్కు చెయ్యి చూపించాడు. ఈ మందతో పోకపోతే ఒంటరి జింకను తర్వాత వదలడం కుదరదన్నాడు. కాసేపు గడ్డం నిమురుకుని, ఒక దారి ఉందన్నాడు. ఏ మనిషి దగ్గరికి వచ్చిందో ఆ మనిషే దాన్ని హడలగొట్టాలి. బుద్ధిలో భయం నాటుకుపోయేలా. ఇప్పుడే చేయాలి.

“నేను చేస్తానన్నా,” అన్నాను. “నాకు దాని మీద ప్రేమా లేదు, ఏమీ లేదు. తొందరగా అయిపోతే వెళ్లి పడుకుంటాను.”

“నువ్వు జేస్తే నీకు భయపడ్తది. నన్ను నమ్ముకునే ఉంటది,” అన్నాడు అన్న. “పిలిచినోడే తోలాలె.”

పెద్దాయన ఒక ఖాళీ నూనె డబ్బా, కర్ర తెచ్చి ఇచ్చాడు. అన్న కర్రను చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పి చూశాడు. “పాలు మరువని పిల్ల మీద కట్టె లేపొద్దంటది మా అవ్వ. లేపిన చేతికింద జీవాలు పెరగయంట,” అని గొణిగాడు. పెద్దాయన ఏమంటున్నాడని అడిగాడు. ఏమీ లేదన్నాను.

అన్న లోపలికి వెళ్లాడు. ఆయన వెతకనక్కర్లేకుండా పిల్లే ఎదురొచ్చింది. వచ్చి ఖాళీగా ఉన్న చెయ్యి కోసం మూతి చాచింది. అన్న డబ్బా మీద ఒక దెబ్బ వేశాడు. పిల్ల గాల్లోకి ఎగిరి, నాలుగు గంతుల దూరం పోయి ఆగింది. చెవులు నిక్కించి చూసింది. ఏదో పొరపాటు జరిగిందనుకుందేమో, తల వంచుకుని మళ్లీ మెల్లగా ఆయన దగ్గరికి నడిచింది.

నేను మొహం తిప్పుకున్నాను.

అప్పుడు వినిపించింది ఆ కేక, ఉలిక్కిపడి మళ్లీ అటు తిరిగాను. మందలో తోడేలు పడితే వేసే కేక అది. “హోయ్, హోయ్, హోయ్!” అంటూ డబ్బా వాయిస్తూ, కంకర తన్నుతూ, దాని వెంటబడి తరిమాడు. ఏడాదుల తరబడి ఒకే గదిలో ఉన్నా అన్న గొంతు అంత పెద్దదని నాకు తెలియదు. మంద మొత్తం చెదిరి దుమ్ము లేచింది. పిల్ల కంచెకు ఒకసారి గుద్దుకుని, తిరిగి మందను అందుకుని, ఆ మూలకు పరుగెత్తింది. కేక ఆగలేదు. పెద్దాయన చప్పట్లు కొట్టి “బస్, బస్!” అనే వరకు కళ్లు గట్టిగా మూసుకుని అరుస్తూనే ఉన్నాడు.

తర్వాత పెద్దాయన లోపలికి నడిచాడు. ఆయన ఇంకా ఎంతో దూరంలో ఉండగానే పిల్ల మందతో కలిసి దౌడు తీసింది. మళ్లీ ఇంకో వైపు నుంచి నడిచాడు. మళ్లీ పరుగెత్తింది. బయటికి వచ్చి అన్న భుజం మీద చెయ్యి వేశాడు. “పోతుంది. ఇది పోతుంది,” అన్నాడు. అన్న తల ఊపి డబ్బా, కర్ర ఆయనకు అప్పగించి, నీళ్ల తొట్టి దగ్గర కూర్చుని మిగిలిన పాచి గీకడం మొదలుపెట్టాడు. బిర్యానీ పొట్లం తీసుకెళ్లి పక్కన పెట్టాను. విప్పలేదు.

సాయంత్రం వరకు వలలు కట్టాం. బస్సెక్కగానే అందరూ ఎక్కడివాళ్లక్కడ నిద్రలో పడిపోయారు. పొద్దున్నుంచి నిద్ర కోసం మొహంవాచినవాణ్ణి, నాకే పట్టలేదు. అన్న కిటికీ పక్కనే కూర్చున్నాడు గానీ పరదా వేసేశాడు. జమ్మి చెట్లు వచ్చాయి, పోయాయి. గొంతు బొంగురుపోయిందని ఆయన నోరు తెరిచాకే తెలిసింది.

“నేను కండ్లు మూసుకున్న తమ్మీ. ఎట్ల ఉరికింది?”

“మస్తు ఉరికిందన్నా. గాలి లెక్క ఉరికింది.”

“ఎనక్కి జూసిందా?”

“లేదన్నా.”

“మంచిదాయె. ఇగ బతుకుతది,” అన్నాడు. అరచెయ్యి తెరిచి కాసేపు చూసుకుని, మళ్లీ మూసేశాడు.

నేను ఫోన్ తీసి రేపటి డ్యూటీకి అలారం పెట్టుకున్నాను. దూరంగా మబేలా దీపాలు కనిపించాయి. బస్సు రౌండబౌట్ దగ్గర తిరుగుతుంటే అన్న నా మోచేతిని మెల్లగా పొడిచాడు.

“ఒక్కసారి గూడ జూడలేదా?”

“ఒక్కసారి గూడ చూడలేదన్నా,” అన్నాను.