మొహం సీమది, తోక మనది, మరి కడుపెవరిది?

రండి, గుమ్మం దగ్గరే నిలబడిపోకండి. ఇలా దగ్గరగా జరిగి కూర్చోండి. చేతిలో పనుంటే ఉండనివ్వండి, చిక్కుడుకాయలకు ఈనెలు తీసుకుంటూనే వినొచ్చు. ఆ రోజుల్లో మా చోడవరం వైపు కుక్కకు తిండి పెట్టడం కూడా ఒక పనేనని ఎవరికీ తెలియదు. అందరూ తిన్నాక గిన్నెలో మిగిలింది కుక్కది, ఏమీ మిగలకపోతే ఆ పూటకు కుక్క పక్కింటిది. ఇదేమిటని ఏ కుక్కా మమ్మల్ని అడగలేదు, నీకేం కావాలని మేమూ ఏ కుక్కనూ అడగలేదు. అలాంటి కొంపకు ఒక క్రాసు కుక్క వచ్చి, ఇంటిల్లిపాదినీ (పక్కింటిని కూడా కలుపుకోండి) ఎంత తికమక పెట్టిందో చెబుతాను. నేను చదివింది తక్కువ, ఏడో తరగతి మధ్యలోనే బడి మానేశాను. కాని చూసింది మరిచిపోయే అలవాటు మాత్రం లేదు. అది వచ్చిన రోజు మా మామ్మ ఏ రంగు చీర కట్టుకుందో అడిగినా చెప్పగలను.

నాకప్పుడు పద్నాలుగేళ్ళు ఉంటాయేమో. బుచ్చయ్యపేట రోడ్డు పక్కన మాకు చెరుకు ఉండేది. ఆ ఏడు నక్కలూ అడవి పందులూ చేలో పడి, తిన్నది కొంత, తొక్కింది అంతకంతా చేసి పోయాయి. చేనుకు మంచి కుక్క కావాలని నాన్న కనిపించిన వాళ్ళందరికీ చెప్పుకున్నాడు. విశాఖపట్నంలో కారు డ్రైవరుగా ఉన్న మా చిన్నాన్న ఆ మాట పట్టుకుని, ఒక ఆదివారం పూట గోనెసంచీలోంచి తల బయటికి పెట్టిన కుక్కను చంటిపిల్లలా ఎత్తుకుని బస్సు దిగాడు. "అన్నియ్యా, ఇది మామూలు కుక్క కాదు, క్రాసు. దీని బాబు లేబ్రడారు, తల్లి ఈదికుక్క. మా సారుకి ట్రాన్సఫరైపోయింది, అందుకని ఇచ్చీసేరు. పేరు టైగరు. తిండి కాడ మాత్రం జాగర్త, క్రాసుది కదా" అన్నాడు. ఆ జాగ్రత్త ఏమిటో చెప్పకుండానే తిరుగు బస్సెక్కేశాడు. (మా చిన్నాన్న ఏది చెప్పినా సగమే చెప్పేవాడు. మిగతా సగం కోసం మేం బతుకంతా వెతుక్కునేవాళ్ళం.)

వాకిట్లో దాన్ని మధ్యలో పెట్టుకుని అందరం చుట్టూ నిలబడ్డాం. మొహం చూస్తే వెడల్పుగా, చెవులు వేలాడుతూ, కళ్ళు తడితడిగా, అచ్చం దొరల దేశపు సీమకుక్కే. వెనక్కి వెళ్ళి చూస్తే తోక మన వీధికుక్కల్లాగే పైకి చుట్టుకుపోయి ఉంది. కాళ్ళు చెరుకు గడల్లా పొడుగు, పక్కటెముకలు బయటికే. ఒక్క క్షణం కుదురు లేదు. మేం దాన్ని చూస్తుండగానే అది మా చుట్టూ తిరిగేసి, తులసికోట చుట్టూ తిరిగేసి, పక్కింటి గేటు కిందనుంచి దూరి, లోపలున్నామెను కూడా బయటికి తీసుకొచ్చేసింది.

ఆమెను మేం బన్నత్త అనేవాళ్ళం. వరసకు అత్తేమీ కాదు. వాళ్ళు చర్చికి వెళ్ళేవాళ్ళు, మేం గుడికి వెళ్ళేవాళ్ళం, మధ్యలో గోడ మాత్రం ఇద్దరిదీను. పొద్దున్నే టీలో బన్ను ముంచుకుని తినకపోతే ఆవిడకు తెల్లవారదు, అందుకని ఆ పేరు. ఆవిడ కళ్ళజోడు సర్దుకుని, టైగరు గడ్డం పట్టుకుని చూసి, "అమ్మమ్మమ్మ, ఇది దొరల ఇంట్లో పుట్టాల్సింది. మొహం సూడండి. నోరు ఎక్కడుంది? మొహంలోనే కదేటి ఉంది? మరి నోటికి అలవాటైందే పెట్టాల. పాలూ బన్నూ. గంజీ గింజీ పొయ్యకండి, సచ్చిపోద్ది" అంది.

మా మామ్మ ఊరుకునే మనిషి కాదు. చీరకొంగు నడుముకు దోపి, కుక్క వెనక్కి వెళ్ళి నిలబడి, తోక పట్టుకుంది. "నోరు సీమదే అనుకో. తిన్నది ఎటేపునుంచి బయటికి పోవాల? ఇటేపునుంచే కదేటే? ఇటేపంతా మనదే. అరిగించుకునేది మనవైపైనప్పుడు బన్నెట్టి ఏటి సేస్తావు? గంజన్నమే పెట్టాల" అంది.

"అయితే కడుపెవరిది మామ్మా?" అన్నాను నేను. నిజంగా తెలియకే అడిగాను. ఇద్దరూ ఒకేసారి వంగి కుక్క పొట్ట వైపు చూశారు. అది సరిగ్గా మధ్యలో ఉంది. మామ్మ తోక వదల్లేదు, బన్నత్త గడ్డం వదల్లేదు. చివరికి మా అమ్మ వంటింట్లోంచే, "కొట్టుకోకండి. పొద్దున్న ఒకలు, సాయంత్రం ఒకలు పెట్టండి" అని తీర్పు చెప్పింది. అలా మా టైగరు పొద్దున సీమకుక్క, సాయంత్రం ఊరకుక్క అయింది.

నాలుగు రోజులు గడిచేసరికి వాకిలంతా నానా బీభత్సం. పాలు దానికి పడలేదు. "సూసేవా, నీ దొరల పాలు!" అని మామ్మ. "పాలు కాదు, మీ పులిసిన గంజి!" అని బన్నత్త. కడుగుతున్నది మాత్రం నేను. మామ్మ ఉప్పూ ఎండుమిరపకాయలూ పట్టుకుని దిష్టి తీసింది, టైగరు ఎడతెగకుండా తుమ్మింది. బన్నత్త దాని తల మీద చెయ్యి పెట్టి కళ్ళు మూసుకుని ప్రార్థన చేసింది. కళ్ళు తెరిచేసరికి చేతి కింద తల లేదు, కుక్క వీధి చివర ఉంది. పాలు మానిపించాక కడుపు కుదుటపడింది కాని, ఒళ్ళు మాత్రం రాలేదు. పైగా పెట్టిందంతా తినేది. మామ్మ గంజన్నం తినేది, బన్నత్త బన్ను తినేది, మా అమ్మ తప్పేలా అడుగు గోకి వేస్తే అదీ తినేది. అయినా రోజురోజుకీ నీడ సన్నబడుతోంది. ఆ తిండి ఎక్కడికి పోతోందో అంతుపట్టక నేను దాని పొట్టకు చెవి ఆనించి కూడా విన్నాను. ఏదో గుడగుడలాడింది గాని, అర్థమయ్యే మాట ఒక్కటీ లేదు.

ఒక రోజు అన్నం తింటూ నాన్న తేల్చి చెప్పేశాడు. "ఈ బక్క కుక్కని సూసి పంది భయపడదు, జాలిపడతాది. దేవరాపల్లి అన్నియ్య కోళ్ళ షెడ్డుకి కుక్క కావాలంటన్నాడు. మన సెరుకు ఫ్యాక్టరీకి తోలీలోపల దీనికి ఒళ్ళొస్తే సరి, నేకపోతే ఇచ్చీడమే." నేను కలిపిన ముద్ద కంచంలోనే వదిలేశాను. అప్పటికే టైగరు నా చాప పక్కన పడుకునేది. నేను లేచి నిలబడితే అదీ లేచి నిలబడేది, ఎక్కడికో తెలియకపోయినా సరే. అంత నమ్మకంగా నా వెనక వచ్చిన ప్రాణి అంతకుముందు లేదు (ఆ తరవాత పెళ్ళయింది గాని, అది వేరే సంగతి).

నాన్న కాళ్ళావేళ్ళా పడి పశువుల ఆసుపత్రికి తీసుకెళ్ళమన్నాను. టీవీఎస్ మీద నాన్న ముందు, నేను వెనక, మధ్యలో నలుగుతూ టైగరు. డాక్టరు గారు నోరు తెరిచి చూసి, పొట్ట నొక్కి చూసి, కడుపులో నులిపురుగులు పోయే మందు ఇచ్చారు. నేను ఉండబట్టలేక, "సగం సీమది, సగం మనది కదండీ, ఏ సగానికేది పెట్టాలి?" అని అడిగాను. ఆయన నవ్వి, "కడుపు మధ్యలో గోడేమీ లేదమ్మా" అన్నారు. "పడుకుని ఉండే కుక్కయితే తక్కువ పెట్టండి, బాగా తిరిగే కుక్కయితే ఎక్కువ పెట్టండి. మీది ఎలాంటిది?"

చూడండి, అక్కడ మొదలైంది అసలు తికమక. "పడుకునీదేనండి. సేనుకొచ్చి మోటారు షెడ్డులో పడుకుంతాది. అంబలి తాగడానికి ఎప్పుడెల్లినా అక్కడే ఉంతాది" అన్నాడు నాన్న. ఇంటికొచ్చి మామ్మను అడిగితే, "తిరగడమేటి? పొద్దున్న సేనుకెల్లి, మజ్జాన్నానికొచ్చి నా అరుగుమీద నాలిక సాపుకుని పడుంతాది. ఒట్టి బద్దకపు జాతి" అంది. బన్నత్త గోడ మీంచి, "మా మందారం సెట్టు కింద పడుకున్నాదంటే లేపినా లెగవదు" అంది. ముగ్గురూ ప్రమాణం చేసేలా ఉన్నారు. పడుకునే కుక్కయితే ఇంత తిండి తిని ఇలా ఎందుకుంది? నాకు బుర్ర తిరిగిపోయింది. సరే, ఇది ఎలాంటి కుక్కో దాన్నే అడుగుదామని, మర్నాడు పొద్దున్నే చిన్నాన్న పాత సైకిలు తీసుకుని దాని వెనక పడ్డాను.

నాన్న టీవీఎస్ కదలగానే టైగరు దాని ముందు పరుగు. చేనుకు చేరేదాకా ఒకే ఊపు. అక్కడికెళ్ళాక కొంగలు. ఒక్క కొంగ అందలేదు, ఒక్క కొంగను వదిలిపెట్టలేదు. గట్ల మీద నేను సైకిలు తోసుకుంటూ, పడుతూ లేస్తూ. చెరుకులో దూరి ఒక పక్క మాయమై, మరో పక్క తేలేది. నాన్న అంబలికి వచ్చే వేళకు మాత్రం, ఎక్కడినుంచి వచ్చిందో, మోటారు షెడ్డులో చక్కగా ముడుచుకు పడుకుంది. "సూసేవా? పొద్దున్నుంచీ ఇదే వరస" అన్నాడు నాన్న నాతో. నేను రొప్పుతూ సైకిలు షెడ్డు గోడకు ఆనించాను. నాన్న అటు తిరగగానే, రోడ్డు మీద చెరుకు ట్రాక్టరు చప్పుడు. టైగరు చెవులు లేచాయి. ఇక చూడండి, ట్రాక్టరు ముందు అది, ట్రాక్టరు వెనక నేను, నా మీద ఇంజిను పొగ. ఫ్యాక్టరీ దగ్గర బళ్ళన్నీ వరసగా ఆగి ఉన్న చోట, మొదటి బండి నుంచి చివరి బండి దాకా పలకరించుకుంటూ వచ్చింది. డ్రైవర్లంతా "ఏరా టైగరూ" అంటున్నారు! మా కుక్క పేరు వాళ్ళకెలా తెలుసు? ఒకాయన నన్ను చూసి, "ఈ కుక్క మీదేటమ్మా? ఇది ఫ్యాక్టరీ కుక్కనుకున్నాం" అన్నాడు. అక్కడ కుళాయి కింద నీళ్ళు తాగి, కాలవగట్టు పట్టుకుని, మేకల మందను ఒకసారి చెల్లాచెదురు చేసి, కాపరి చేత తిట్లు తిని (తిట్లన్నీ నాకే తగిలాయి, అది అప్పటికే దాటిపోయింది), ఇంటికొచ్చి మామ్మ అరుగు మీద నాలుక చాపుకుని పడిపోయింది.

నేను సైకిలు గోడకు పడేసి వంటింట్లోకి వెళ్ళాను. అన్నం వార్చి దించిన తప్పేలా ముందేసుకున్నాను. పప్పు ఉందో లేదో చూడలేదు. ఊరగాయతో కొంత, మజ్జిగతో కొంత, దేంతోనూ కాకుండా కొంత. మా అమ్మ నోరు తెరుచుకుని చూస్తూ ఉండిపోయింది. మామ్మ గుమ్మంలోకి వచ్చి, ఖాళీ తప్పేలానూ నన్నూ మార్చి మార్చి చూసి, "ఏటే గుంటా, నువ్వు కూడా క్రాసైపోనావేటి?" అంది.

ముద్ద మింగి అప్పుడు చెప్పాను, పొద్దుటినుంచి నేను తిరిగిన తిరుగుడంతా. మీరంతా చూసింది దాని పడకలు మాత్రమే, ఒక పడకకూ ఇంకో పడకకూ మధ్య ఏముందో ఎవరూ చూడలేదని. మామ్మ మెల్లగా అరుగు మీదికి వెళ్ళి, టైగరు పక్కన కూలబడి, దాని అరికాళ్ళు తిప్పి చూసింది. రాళ్ళు కోసుకున్న గీతలున్నాయి. "ఓలమ్మా, ఇది కూలికెల్తంది కదే!" అంది. బన్నత్త గోడ మీంచి ఇంకా, "అయినా మొహం సీమది కదా..." అనబోతే, మామ్మ చెయ్యి అడ్డం పెట్టింది. "కూలికొచ్చిన మనిషికి నీదే ఊరని అడిగి అంబలి పోస్తామేటి? పని సేసింది, పొయ్యాల. అంతే."

మర్నాటినుంచి టైగరుకు చేలో కూలీలతో పాటే చిక్కటి చోడి (రాగి) అంబలి, సాయంత్రం అలసట తీరాక అన్నంలో ఉడకేసిన గుడ్డో, కోడి కందనకాయలో, ఉప్పు పోయేదాకా కడిగిన ఎండు చేపలో. గుడ్డు పెట్టేది బన్నత్తే. బన్ను మానేసింది గాని, "గుడ్డు దొరలు కూడా తింటారు" అని తన మాట తను నిలబెట్టుకుంది.

కాని ఒళ్ళు ఒక్క రోజులో వస్తుందా? ఒళ్ళు రావడం మొదలయ్యేలోపే ఫ్యాక్టరీ నుంచి కటింగ్ ఆర్డరు వచ్చేసింది, చెరుకు వెళ్ళిపోయింది, దేవరాపల్లి పెదనాన్న ఆటో కట్టించుకుని దిగిపోయాడు. తాడు కూడా తెచ్చుకున్నాడు. నేను టైగరు మెడ పట్టుకుని పెరట్లో కూర్చున్నాను. ఏడవకూడదనుకుంటున్నాను, అది నా మొహం నాకుతుంటే ఎలా ఆగుతుంది? పెదనాన్న వచ్చి చుట్టూ తిరిగి చూసి, పెదవి విరిచాడు. "ఏట్రా తమ్ముడూ, కుక్కంటే కుక్కనుకున్నాను. ఎముకల గూడులా ఉందేటి? ఈ బక్కదాన్ని పట్టుకెల్లి నేనేటి సేసుకుంతాను?"

నాన్న మొహం ఎర్రబడింది. "బక్కదేటి? ఎవులు బక్కది?" అన్నాడు. "దాని పరుగు సూసేవా నువ్వు? ట్రాక్టరుకి దారి సూపిస్తాది. ఫ్యాక్టరీ కాడ దాని పేరు తెలీనోడు ఒక్కడూ నేడు. నీ కోళ్ళ మజ్జిన కూకుని కునుకులు తీసే కుక్కనుకున్నావేటి?"

"నువ్వే కదరా ఫోన్లో బక్కకుక్కన్నావు!"

"నేనంతాను. నాది. నువ్వెవులు అనడానికి?"

పెదనాన్న తాడు చుట్టుకుని, మామ్మ పెట్టిన అన్నం తిని, ఏం జరిగిందో అర్థం కాకుండానే వచ్చిన ఆటోలో వెళ్ళిపోయాడు. ఆయనకు వీడ్కోలుగా టైగరు ఆటో ముందు ఊరు దాటేదాకా పరిగెత్తింది. నాన్న రోడ్డు మీద నిలబడి, "సూడండి, సూడండి" అని దారిన పోయేవాళ్ళందరికీ చూపించాడు.

ఇప్పుడు మా అత్తవారింట్లోనూ ఒక క్రాసు కుక్క ఉంది. దాని మేత అనకాపల్లి కొట్టు నుంచి ప్యాకెట్లో వస్తుంది. ప్యాకెట్ వెనక ఏదో రాసి ఉంటే మా అమ్మాయి చదివి, "తిరిగే కుక్కకింత, కూర్చునే కుక్కకింత అంట. మనది ఏ కుక్కమ్మా?" అని అడిగింది. నాకు చప్పున నవ్వొచ్చి, సైకిలు ఎక్కడుందా అని చూశాను. సైకిలుంది, మోకాళ్ళే లేవు. గట్ల మీద ఆ కుక్క వెనక పడుతూ లేస్తూ పోయిన ఆ పద్నాలుగేళ్ళ గుంట ఏమైపోయిందో గాని, ఆ రోజు ఆ గుంటకు వేసిన ఆకలి మాత్రం నా దగ్గరే ఉండిపోయింది. ఇప్పుడు పడుకునే కుక్కను నేనే, తిండి మాత్రం తిరిగే కుక్కది. మరి నా కడుపు ఏ సగంలో ఉందో ఎవరిని అడగను?

పొద్దుపోయింది, లేవండి మరి. మీ ఇంట్లో పొద్దంతా తిరిగొచ్చిన వాళ్ళకు తప్పేలా నిండా అన్నముండాలి, తిన్నది ఒంటికి పట్టాలి. ఇంట్లో వాళ్ళు ఎన్ని మాటలన్నా, బయటివాళ్ళు ఒక్క మాట అంటే లేచి నిలబడే మనిషి మీ గడపలో ఎప్పుడూ ఉండాలి. చల్లగా ఉండండి.