బీరతీగకు కట్టిన రీలు

"గిదేందో తెలుసా అమ్మమ్మా? సినిమా రీలు! బీరతీగకు కట్టినవా?"

"తెల్వకేంది? వానకు నానదు, లాగితే తెగదు. సుతిలి తాడైతే నాలుగు నెల్లు గూడ ఆగదు."

"తాత తీసిన రీలది!"

"ఐతే ఏందే, డబ్బాల పెట్టి పూజ చెయ్యాల్నా? చూసే మిషనే లేకపాయె."

మొన్న వానాకాలం నాంపల్లిలో మా డాబా మీద ఇట్లా మొదలైంది రభస. నా మనవరాలు సినిమాలు తీస్తుంది. తీస్తుందంటే, కొత్తగా ఒక్క బొమ్మా తీయదు. ఎవరెవరో ఎప్పుడో తీసి వదిలేసిన పాత రీళ్లు వెతికి, అతికి, కొత్త సినిమా చేస్తుంది. పాత చీరలతో బొంత కుట్టినట్టే కదా అని నాకా పని నచ్చింది. మూడో తరగతితో బడి మానేసినదాన్ని, ఇంకెట్లా అర్థం చేసుకోను?

మా ఆయన ఆబిడ్స్‌లో ఒక సినిమా ఆఫీసులో తెగిన రీళ్లు అతికేవారు. ఒకసారి వాళ్ల సేటు చిన్న కెమెరా అడిగి తెచ్చి, నాంపల్లి ఎగ్జిబిషన్‌లో నన్ను తీశారు. ఆ రీలే ఇది. నా మనవరాలేమో ఆయన పోయాక పుట్టిన పిల్ల. తాత కదులుతుంటే ఒక్కసారి చూడాలని దాని ఆశ. ఎండకూ వానకూ బొమ్మలన్నీ చెరిగిపోయాయని వలవలా ఏడ్చింది. నేను పైకి గట్టిగానే ఉన్నాను గానీ, ఆ పూట అన్నం సహించలేదు.

అయితే, తీగకు కట్టిననాడే, కోస్తే దండగని మిగిలిన రీలంతా పందిరి గుంజకే చుట్టి పెట్టాను. పై వరసలు పాడైనా లోపలివి బతికాయి. పిల్ల దాన్ని విప్పి, పది రోజులు కూర్చొని ఒక్కొక్క బొమ్మా శుభ్రం చేసి, ఎక్కడిదో మిషను తెచ్చి ఒక సాయంత్రం గోడ మీద వేసి చూపించింది. రంగులు వెలిసి అంతా గులాబి రంగు. బొమ్మలో నేను చెయ్యి అడ్డం పెట్టి ఏదో అంటున్నాను. మాట వినబడదు.

"ఏమంటున్నవే అమ్మమ్మా?"

"చాలు, రీలు దండగ అంటున్న. ఇంకేమంట?"

పకపకా నవ్వింది. "మీ తాత యాడ కనబడ్తడే? కెమెరా ఆయన చేతిలనే ఉండె," అన్నాను.

"జర కిందికి చూడు."

నా కాళ్ల దగ్గర ఒక నీడ. మోచెయ్యి పైకెత్తి, ఎడమ భుజం కొంచెం వంచి. ఆ భుజం నాకు తెలియదా! నేను కసరగానే ఆ నీడ భుజాలు ఎగిరాయి. నవ్వుతున్నారు. పిల్ల దాన్నే మళ్లీ మళ్లీ వేసి చూసుకుంది.

వద్దన్నా తీసినందుకు ఆయనకూ, తిట్టినా విప్పినందుకు దీనికీ నేను రుణపడ్డాను. నేను చాలన్న ఆ ఒక్క నిమిషమే ఇన్నేళ్లలో నాకు మిగిలింది.

మర్నాడు పొద్దున పాత చీర అంచు చింపి బీరతీగకు కడుతుంటే, మనవరాలు ఫోను పట్టుకొని డాబా మీదికి వచ్చింది. అది తీస్తున్నంతసేపూ నేను చాలు అనలేదు.