నానీ అంటే పలికేవాణ్ణి

మా బావమరిది పోయాడు. పొద్దున టీ తాగి, గ్లాసు కింద పెట్టి, మంచం మీద అలాగే ఒరిగాడంట. వాళ్ళమ్మాయి కేక విని ఇంటి వెనక కల్లంలోంచి పరిగెత్తాను. గోడ ఒకటే అడ్డం. అయినా అందలేదు.

నాకు రాత అంతంతమాత్రం. వాడి గురించి ఇంకొకడు రాస్తే లేనిపోని పొగడ్తలు పెడతాడని నేనే కూర్చున్నాను.

మావాడు బస్సు కండక్టరు. కాలు విరిగి ఇంట్లో కూలబడ్డాక ఫోనులో జపాను బొమ్మల సినిమాలకి అలవాటుపడ్డాడు. అవి చూసే కుర్రాళ్ళ గ్రూపులో చేరాడు. అందరూ తెలుగువాళ్ళే, మధ్యలో జపాను ముక్కలు. అర్థం తెలిసి కొన్ని, తెలియక కొన్ని. "బాకా" అంటే ముద్దుగా పిలవడమని ఎవడో చెప్పాడంట, రోజూ నన్ను అదే అనేవాడు.

"బాకా ఊదేది నువ్వా నేనా?" అని కసిరేవాణ్ణి.

తీరా చూస్తే తెలివితక్కువ వెధవ అని అర్థమంట.

"పోన్లే బావా, నీకు రెండూ సరిపోతాయిగా!" అన్నాడు.

ఒకరోజు కల్లంలో మిరపకాయలు తిరగేస్తుంటే గోడవతల నుంచి వాడి గొంతు, "నానీ?"

"ఆఁ!" అన్నాను.

"నిన్ను కాదు బావా! జపానులో నానీ అంటే ఏంటీ అని!" పడీపడీ నవ్వాడు.

"ఆ ఏడుపేదో తెలుగులో ఏడవలేవట్రా?" అన్నాను.

నన్ను నానీ అని పిలిచింది మా అమ్మ ఒక్కతే. నా పెళ్ళికి ముందే పోయింది. ఆ పేరు ఇంకెవరికీ తెలియదు. వాడికీ చెప్పలేదు.

వాడు ఊరుకోక సంగతంతా గ్రూపులో పెట్టాడు. అది ఎక్కడెక్కడికో పోయి, గుంటూరు వైపు బావని నానీ అంటారని కొందరు నమ్మేశారు. ఎవరో కుర్రాడు "నానీగారూ, మిర్చి బాగా పండిందా?" అని ఫోనులో గొంతు పంపాడు. మావాడు అది నాకు వినిపించి మురిసిపోయాడు.

ఆనాటి నుంచి బావా అనడం మానేశాడు. టీకి పిలిచినా నానీయే, తిట్టినా నానీయే. అర్థం తెలిశాక కూడా నేను పలికాను. ప్రతిదీ కెలికే మనిషి, ఎందుకు పలుకుతున్నావని మాత్రం ఒక్కసారీ అడగలేదు. నాకు అంతకన్నా మేలు ఎవరూ చేయలేదు.

దినం అయింది. చుట్టాలు వెళ్ళారు. ఇప్పుడు నేను అందరికీ పెద్దాయన్నే.

నిన్న కాయలు కాలితో తిరగేస్తున్నాను. గోడవతల వాళ్ళమ్మాయి వాడి ఫోను పెట్టింది. బొమ్మల సినిమాలో ఎవరిదో గొంతు, "నానీ?"

కాలు ఆగిపోయింది. "ఆఁ" అన్నాను.

గోడ వైపు చూస్తూ నిలబడ్డాను. తర్వాత వినబడ్డవన్నీ జపాను మాటలే.