సాంచాల చప్పుడులో బక్కయ్య మాట

పెళ్లి పనులవాళ్లను నేను తిట్టినంతగా మా సూరత్ నవాగామ్‌లో ఇంకెవరూ తిట్టి ఉండరు. పెళ్లి నా ఇంట్లోది కూడా కాదు, మా పై గదిలో ఉండే బక్కయ్యన్న కూతురిది. ఆయనకు ఒకరిని తిట్టడం చేతకాదు కాబట్టి ఆ పని నేను నెత్తినేసుకున్నాను.

బక్కయ్యన్నది జగిత్యాల దిక్కు ఊరు. మీసాలు రాకముందే సూరత్ వచ్చి ఉధ్నాలో సాంచాల పనిలో చేరాడు. సాంచాలంటే కరెంటు మగ్గాలు. ఇప్పటికీ ఆ షెడ్డే, ఆ పనే. భార్య పద్మారాణి పోయాక ఒక్కడే వండుకుంటున్నాడు. వండుకుంటాడన్న మాటే గానీ పొద్దున వండిన అన్నం చాలాసార్లు మాపటికి మా గల్లీ కుక్కలకే పోతుంది. ఒక్కగానొక్క బిడ్డ హారతి అహ్మదాబాద్‌లో నర్సు. పెళ్లికొడుకూ అక్కడివాడే, మన పద్మశాలీల పిల్లవాడే. పెళ్లి అక్కడే చేద్దామని వాళ్లన్నారు. బక్కయ్యన్న మాత్రం సూరత్‌లోనే అని పట్టుబట్టాడు. అందుకు కారణం అయిరేని కుండలు.

మన పెళ్లిళ్లలో బాజాలు పెట్టుకుని కుమ్మరింటికి వెళ్లి కొత్త కుండలు తెస్తాం. వాటి మీద సున్నంతో, ఎర్రమట్టి జాజుతో బొమ్మలు వేసి పెళ్లింట్లో నిలుపుతాం. అవే అయిరేని కుండలు. ఈ చుట్టుపక్కల ఏ తెలుగువాళ్ల పెళ్లయినా ఆ బొమ్మలు వేసేది పద్మారాణి వదినే. సూరత్‌లో దొరికే కుండలు చూసి ఆమెకు ఎప్పుడూ చిరాకే. "నా బిడ్డ పెండ్లికి పెద్దయి చేపియ్యాలె. గిట్ల చెంబుల లెక్క ఉన్నయి నేను పెట్ట" అనేది. ఆ మాట అన్న మనిషి పోయింది. ఆమె కోసం ఇక ఆయన చేయగలిగింది ఆ కుండలు చేయించడమొక్కటే.

సూరత్‌లోనే డిండోలిలో ఒక గుజరాతీ కుమ్మరి ఉన్నాడని తెలిసి బక్కయ్యన్న అతని నంబరు సంపాదించాడు. ఇక అక్కడి నుంచి మొదలైంది బాధ. మెసేజ్ పెడితే నీలం టిక్కులు పడతాయి, జవాబు రాదు. ఫోటోలవాడు రెండు చేతులు జోడించిన బొమ్మ పంపి ఊరుకున్నాడు. మండపంవాడు అదీ పంపలేదు. వంటాయన ఒకసారి బొటనవేలు చూపించాడు. అది సరే అనో, పో అనో మాకు తెలియలేదు.

"ఏందన్నా, పైసలిచ్చి పని చేపిచ్చుకునేటోళ్లం, మనమే బతిమిలాడుకోవాల్నా?" అన్నాను.

"వాళ్లకు సీజన్ చెల్లె. పనిల ఉంటరు" అన్నాడు ఆయన.

ఎవరు ఎంత ఏడిపించినా వాళ్ల తరఫున సాకు ఈయనే వెతికి పెడతాడు. నాకు ఒళ్లు మండేది. కానీ రాత్రి మెట్లెక్కుతూ ఫోన్ తీసి చూసుకుని, ఏమీ లేక మళ్లీ జేబులో పెట్టుకుంటుంటే మాత్రం జాలేసేది. పెళ్లి దగ్గర పడుతోంది. కుండ మలచాలి, ఎండాలి, కాలాలి. ముందురోజు అడిగితే చేతికొచ్చే వస్తువు కాదది.

చివరికి ఒకరోజు ఆయనతో సెలవు పెట్టించి నేనే కుమ్మరి దగ్గరికి బయల్దేరదీశాను. గుజరాతీలో గట్టిగా అడగడానికి నోరున్న మనిషి కావాలి కదా.

కుమ్మరి ముసలాయన నెమ్మదస్తుడు. గుజరాతీ పెళ్లిమండపాల మూలల్లో పేర్చే కుండలు వరసగా ఆరబెట్టి ఉన్నాయి. దారిపొడవునా దాచుకున్న కోపమంతా ఆయన ముందు కుమ్మరించాను. నెల నుంచి అడుగుతుంటే పలకవేం అన్నాను. ఆయన ఆశ్చర్యంగా చూసి, ఫోన్ తెచ్చి, బక్కయ్యన్న పంపిన వాయిస్ మెసేజ్ వినిపించాడు.

ధడధడమని సాంచాల మోత. మొదటి నుంచి చివరిదాకా అంతే. అడుగున ఎక్కడో మనిషి గొంతు ఉన్నట్టు అనిపిస్తుంది గానీ ఒక్క ముక్క తెలియదు. ఇంకోటి పెట్టాడు, అదీ అంతే. ఎవరిదో చేయి తగిలి పొరపాటున వస్తున్నాయనుకున్నానని చెప్పాడు.

ఫోన్ వస్తే ఆ మోతలో వినబడదు కాబట్టి బక్కయ్యన్న ఎవరికైనా వాయిస్ మెసేజే పెడతాడు. పని మధ్యలో, సాంచా పక్కనే నిలబడి పెడతాడు. అన్నేళ్లుగా ఆ మోతలో ఉన్న మనిషికి అది చప్పుడనే స్పృహ లేదు. తన మాట తనకు స్పష్టంగానే వినబడుతుంది. పంపినవి మళ్లీ విని చూసుకోవాలని ఆయనకెప్పుడూ తోచలేదు. ఇదేమిటని ఒక్క మాట అడగని వాళ్లను తిట్టిన తిట్లు నేను వెనక్కి తీసుకోలేదు గానీ, నవ్వు మాత్రం ఆగలేదు. బక్కయ్యన్నా నవ్వాడు. ముసలాయన పెద్ద కుండలకు ఒప్పుకున్నాడు. బాజాలతోనే రమ్మన్నాడు. అంతటితో అయిపోవలసింది.

కుమ్మరింటి అరుగు మీద కూర్చున్నాక బక్కయ్యన్న నవ్వు తగ్గింది. ఫోన్ తీసి హారతికి పంపినవి తెరిచి ఒకటి చెవి దగ్గర పెట్టుకున్నాడు. తర్వాత ఇంకొకటి. నాకూ వినబడుతూనే ఉంది, అదే ధడధడ.

"బిడ్డకు గూడ గట్లనే పోయినయా, చెల్లె?"

ఎదురుగా ఉంటే ఆయన హారతితో తిన్నవా, పన్నవా తప్ప మాట్లాడడు. చెప్పుకునేదంతా సాంచా దగ్గర నిలబడి చెప్పుకుంటాడు. తెర మీద ఆయన మెసేజ్‌లు వరసగా ఉన్నాయి. ప్రతిదాని కింద ఒకటే జవాబు, "సరే బాపు".

"దీపావళప్పుడు ఒకటి పెట్టిన" అన్నాడు మెల్లగా. "నీ పెండ్లయినంక నేనొక్కన్ని ఎట్లుండాలె బిడ్డా అని. సరే బాపు అన్నది. ఇన్ని దినాలు అదే మనసుల పెట్టుకున్న."

ఏడుపు వచ్చింది నాకు. ఆ ఒక్క జవాబు పట్టుకుని అన్ని నెలలు ఆ గదిలో ఈ మనిషి ఎట్లా పడుకున్నాడో.

"ఇప్పుడు చెప్పన్నా. ఇక్కడ చప్పుడు లేదు" అన్నాను.

ఆయన మైకు గుర్తు మీద వేలు పెట్టి ఫోన్ నోటి దగ్గరికి తెచ్చుకున్నాడు. పెదవులు కదిలాయి గానీ మాట రాలేదు. అట్లాగే వేలు తీసేశాడు. ఏమీ లేని మెసేజ్ వెళ్లిపోయింది.

అంతలోనే ఫోన్ మోగింది. ఎవరిదో అన్నట్టు ఆయన నా వైపు చూశాడు.

"నీదే అన్నా, ఎత్తు."

చెవులు మందం కాబట్టి ఆయన స్పీకర్ పెట్టుకునే మాట్లాడతాడు. హారతి గొంతు కంగారుగా ఉంది.

"బాపూ, ఏమైంది? సాంచా ఆవాజ్ వస్తలేదు. పనికి పోలేదా? తబియత్ మంచిగ లేదా?"

"మంచిగనే ఉన్న బిడ్డా. నేను పంపేటియి నీకు వినపడుతయా?"

"నీ మాట వినపడదు బాపూ. సాంచాలే వినపడుతయి. అవి ఆడుతున్నయంటే నువ్వు మంచిగున్నవ్ అనుకుంట. అందుకే సరే అంట."

ఇప్పుడు చెబుతాడనుకున్నాను. నేనుంటే చెప్పలేడేమోనని లేచి కుండల దగ్గరికి నడిచాను. ఆయన గొంతు సవరించుకోవడం వినబడింది.

"తిన్నవా బిడ్డా?"

"తిన్న బాపూ. నువ్వు?"

"తిన్న" అన్నాడు. పొద్దుటి నుంచి ఆయన ఏమీ తినలేదని నాకు తెలుసు.