ఇరుసు దించిన చైత్రం

కిరసనాయిలుతో కడిగిన ఇనుము వాసన ఈ పొద్దున వీధి గుమ్మంలోంచి లోపలికి వచ్చింది. ఆదివారం కదా అని మా మనవడు కారు ముందు భాగాన్ని ఎత్తి దుంగల మీద నిలబెట్టి, చక్రాలు ఊడదీసి, వాటిని మోసే ఇనుప చట్రాన్ని కిందికి దించి, గోనెసంచి మీద పెట్టుకుని కూర్చున్నాడు. గతుకుల్లో చప్పుడు చేస్తోందట, చట్రం దించితే తప్ప లోపల అరిగిపోయిన ముక్కలు మార్చడం కుదరదట. "దీన్ని సబ్‌ఫ్రేమంటారు మామ్మా" అని చెప్పాడు. నేను సరేనని తలూపి లోపలికి వచ్చేశాను గాని, ఆ వాసన నా వెనకాలే వంటింటి దాకా వచ్చింది. పొయ్యి మీద పాలు పొంగిపోయినా చూసుకోలేదు.

నా చిన్నప్పుడు మేం టైడాలో ఉండేవాళ్లం. ఇప్పుడక్కడ రైలాగుతుంది గాని, అప్పటికి ఆ కొండల్లో రైలు కూత విన్నవాళ్లు లేరు. శృంగవరపుకోట నుంచి అనంతగిరి కాఫీ తోటలకు ఎక్కే మట్టి ఘాటు బాట పక్కన, రెల్లుగడ్డి కప్పిన ఇల్లు మాది. ఇంటి ముందు ఎర్రమట్టి వాకిలి, వాకిలి చివర ఒక ముసలి పనసచెట్టు, దాని వెనక ఎప్పుడూ తడిగా ఉండే గెడ్డ, అంటే కొండవాగు. కార్తికంలో కొండ వాలులన్నీ వలిసెపూలతో పసుపు ఆరబోసినట్టు ఉండేవి. చలికాలంలో మంచు పొద్దెక్కేదాకా విడిచేది కాదు, ఎదుటి మనిషి కనపడకుండా దగ్గు మాత్రమే వినపడేది. అమ్మ చోడంబలి కాచి పోస్తే ముంత వేడికి చేతులు కాచుకుంటూ తాగేవాళ్లం. పనసపిక్కలు నిప్పుల్లో వేసి, చిట్లిన చప్పుడు కాగానే పుల్లతో లాక్కుని, వేళ్లు కాల్చుకుంటూ ఒలుచుకునేవాళ్లం. సంత రోజున కొండమీది పల్లెల నుంచి ఆడవాళ్లు అడ్డాకుల కట్టలూ, కొండచీపుళ్లూ, వెదురుకొమ్ములూ నెత్తిన పెట్టుకుని వరసగా దిగుతుంటే వాళ్ల మాటల్లో ఒరియా ఎంతో, తెలుగు ఎంతో మాకు తెలిసేది కాదు. అన్నీ అర్థమయ్యేవి మాత్రం.

నాన్న మైదానంలో పుట్టిన రైతు. తోట దొర ఒకాయన సీమకు వెళ్లిపోతూ వదిలించుకున్న పాత మోటారును కొని, ఘాటు మీద మనుషుల్నీ సరుకునీ తిప్పడం మొదలుపెట్టాడు. పైకప్పు గుడ్డది, కూత రబ్బరు బుడ్డిది. ఆ చుట్టుపక్కల ఇంకో మోటారు లేదు. అది చెడితే బాగుచేసేవాడూ లేడు. అందుకని నాన్నే దాన్ని విప్పడం, మళ్లీ కట్టడం నేర్చుకున్నాడు. ఎద్దును చూసుకున్నట్టే చూసుకునేవాడు, సాయంత్రం దాని మూతి మీద చెయ్యి వేసి వేడి చూసేవాడు. దాని గురించి ఎవరైనా తక్కువ మాట అంటే ఆ పూట అన్నం సరిగ్గా తినేవాడు కాదు.

మా ఇంట్లో నరసమ్మత్త ఉండేది. నాన్నకు చెల్లెలు. చిన్న వయసులోనే భర్త పోతే, భీమిలి దగ్గర ఆమె అత్తవారు ఆమెను పుట్టింటికి పంపేసి, కూతుర్ని మాత్రం ఉంచేసుకున్నారు. తమ ఇంటి బిడ్డ తమ ఇంట్లోనే పెరగాలన్నారట. ఏడాదికోసారి అమ్మవారి పండగకు వెళ్లి కూతుర్ని చూసి రావడానికి మాత్రం ఒప్పుకున్నారు. తక్కిన ఏడాదంతా అత్త ఆ ఒక్క రోజు కోసం పోగుచేసేది. ఎండబెట్టిన పనసతొనలు, అడవి తేనె, గురివింద గింజలు గుచ్చిన దండలు, అన్నీ ఒక వెదురు బుట్టలో సర్దేది. నేను చెయ్యి పెట్టబోతే "నీకు రోజూ దొరుకుతాయి గుంటా, దానికి దొరకవు" అనేది. కోపం లేకుండానే అనేది.

ఆ పిల్ల పేరు పైడి. నాకంటే చిన్నది. ఒకే ఒక్కసారి, నాన్న వెళ్లి బతిమాలి మోటారులో ఎక్కించుకుని తెస్తే, మా ఇంట్లో కొన్నాళ్లుంది. సముద్రం పక్కన పెరిగిన పిల్లకు కొండలంటే ఎంత భయమో! గెడ్డ చప్పుడు కెరటాలదనుకుని మొదటి రోజు అటువైపు పరిగెత్తి, నీళ్లు మోకాలి దాకా కూడా లేకపోవడం చూసి మూతి ముడుచుకుంది. ఆ కొన్నాళ్లూ అత్త పొయ్యి దగ్గర కూడా దాన్ని ఒడిలోంచి దించలేదు. దానికి తల దువ్వడం అయ్యాక నాకూ దువ్వేది, నాకు కొంచెం గబగబా దువ్వేది. పైడి వెళ్లిపోయిన రోజు అత్త అది విడిచిన పరికిణీ ఉతక్కుండా మడతపెట్టి బుట్ట అడుగున దాచుకుంది.

ఆ మరుసటి ఏడు చైత్రం ముందర మోటారు ముందు భాగం కుంగింది. ఘాటులో రాయెక్కి దిగేసరికి కుదుపు ఆపే కమాను పట్టీ విరిగింది, దాన్ని మోసే అడ్డచట్రం బీటిచ్చింది. నాన్న మోటారును పనసచెట్టు కిందికి తోయించి, ఇంజను బరువు చట్రం మీద పడకుండా మోకుతో కొమ్మకు వేలాడదీసి, ఇరుగు పొరుగు కొండదొర తెగవాళ్ల సాయంతో మూతి ఎత్తి దుంగలు పేర్చాడు. చక్రాలు, ఇరుసు, కమాన్లు, అడ్డచట్రం అన్నీ ఒక్క కట్టుగా నేల మీదికి దించినప్పుడు, కాళ్లు ముడుచుకుని పడుకున్న గేదెలా ఉంది మోటారు. మేం పిల్లలం దాని కిందికి దూరి ఆడుకోబోతే అమ్మ చీపురుతో తరిమింది. విరిగిన పట్టీనీ బీటిచ్చిన చట్రాన్నీ నాన్న శృంగవరపుకోటలో కమ్మరి దగ్గరికి బండి మీద పంపించి, అవి వచ్చేదాకా తక్కిన బోల్టులన్నీ కిరసనాయిల్లో కడిగి చేట నిండా పోసి పెట్టాడు. వాకిలంతా అదే వాసన. అమ్మ ముగ్గు మానేసింది.

పట్టీ, చట్రం బాగై తిరిగి వచ్చిన రోజునే సంత. ఎండుచేపలు అమ్మే గౌరమ్మ అనే ఆమె భీమిలి వైపు నుంచి బండి మీద వచ్చింది. తట్ట దింపకుండానే మా వాకిట్లోకి వచ్చి నిలబడింది.

"నర్సమ్మా, మీ గుంటని రంగం అట్టుకెల్లిపోతన్నారే. ఎల్లుండి మజ్జానం బీమిలిలో ఓడ. ఇల్లంతా ఎత్తేసినారు."

రంగం అంటే బర్మాలోని రంగూను. మా వైపు ఏ ఊళ్లో చూసినా ఇంటికొకరు ఆ ఓడెక్కినవాళ్లే, తిరిగి వచ్చినవాళ్లను మాత్రం వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. అత్త లోపలికి వెళ్లి రెండు చీరలు మూట కట్టుకుని, వెదురు బుట్ట తీసుకుని అరుగు మీదికి వచ్చింది.

"సోములు బండి ఉంది అన్నియ్యా. ఇప్పుడే ఎల్దాం. ఆళ్లు గుంటని ఇవ్వకపోతే నానూ ఓడెక్కేత్తాను."

సోములు పక్క పల్లె కొండదొర, మాకు అయినవాడిలాంటివాడు. ఎద్దులు కట్టడానికి లేచాడు కూడా. నాన్న ఆపాడు.

"బండి మీద రెండు రోజులు పడతాదే. దారిలో ఎద్దు కుంటితే? పట్టీ వొచ్చీసింది. సాయంత్రానికి మోటారు నిలబెట్టేత్తాను. రేపు పొద్దున్న దిగితే మజ్జానానికి బీమిలిలో ఉంటాం. ఒక రోజు మిగులుతాది కూడాను."

అది నిజమే. లెక్కకు అదే సబబు. అత్త నాన్న ముఖంలోకి చూసి, మూట పక్కన పెట్టి, చీర బిగించి బోల్టుల చేట అందుకుంది.

ఆ సాయంత్రం నలుగురైదుగురు కలిసి చట్రాన్ని ఎత్తి కింద పట్టారు. ఎడమ పక్క బోల్టు దిగింది. కుడి పక్క దిగలేదు. ఇన్నాళ్లూ ఇంజను కొమ్మకు వేలాడుతుంటే మోటారు పక్క దూలాలు రెండూ ఎడం జరిగాయి. దించేముందు వాటి మధ్య అడ్డకర్ర ఒకటి బిగించి ఉంటే జరిగేవి కావట. రంధ్రానికి రంధ్రం వేలెడు తేడా. గునపంతో తన్నారు, దుంగ పెట్టి మీటారు, బోల్టు వంగింది. చీకటి పడి చూపు ఆనక ఆపారు.

తెల్లారగానే అమ్మ నాన్న దగ్గరికి వెళ్లింది.

"మావా, బండి కట్టించి అంపీ. రాత్తిరంతా తోలితే ఇప్పుడైనా అందుకుంటాది."

"ఇదుగో, అయిపోనాది. ఇంకొక్క జాము."

నాన్న ఆ మాట పొద్దుటా అన్నాడు, ఎండ నడినెత్తికి వచ్చినప్పుడూ అన్నాడు. ఆ తర్వాత అనడం మానేశాడు. అప్పటికిక బండి కట్టినా లాభం లేదని అందరికీ తెలిసిపోయింది. అత్త మాత్రం ఒక్కసారి కూడా తొందరపెట్టలేదు. వంగిన బోల్టును రాతి మీద పెట్టి సోములు సుత్తితో కొడుతుంటే అది దొర్లిపోకుండా పట్టుకుని కూర్చుంది. సుత్తి దెబ్బకు ఆమె భుజాలు అదిరేవి. నేను మంచినీళ్లు తీసుకెళితే నా వైపు చూడకుండానే తాగింది. చివరికి రెండు దూలాలకూ మోకు చుట్టి, మధ్యలో రోకలి దూర్చి మెలితిప్పుతూ పోతే అవి దగ్గరికి వచ్చాయి. ఓడ వెళ్లే రోజు ఎండ పొడ పడ్డాక కుడి బోల్టు దిగింది. నాన్న చేతులు నెత్తురు చిమ్మి ఉన్నాయి. కడుక్కోకుండానే మోటారు ఎక్కాడు.

అత్త ముందు కూర్చుంది, వెనక నేనూ సోములూ. నన్నెందుకు ఎక్కించారో నాకు తెలియదు, బహుశా పైడి నన్ను చూస్తే దిగి వస్తుందనుకున్నారేమో. అవి కొండవాళ్లు చైత్రంలో చేసుకునే ఇటుకల పండగ రోజులు. మగవాళ్లంతా వేటకు వెళితే ఆడవాళ్లు బాటకు అడ్డంగా దుంగ వేసి, వచ్చేపోయేవాళ్లను ఆపి, పాటలు పాడి, ఏదో ఒకటి పుచ్చుకుని గాని వదలరు. ఘాటు మలుపులో వాళ్లు గుంపుగా నవ్వుతూ మోటారును చుట్టుకున్నారు. సోములు దిగి వాళ్ల మాటలో రెండు ముక్కలు చెప్పాడు. నవ్వులు ఆగిపోయాయి. ఒక ముసలామె వచ్చి అత్త చెయ్యి పట్టుకుని వదిలింది. దుంగ పక్కకు దొర్లించి, పాట లేకుండా, బాటకు రెండు పక్కలా నిలబడ్డారు.

కోట దాటాం, విజయనగరం దాటాం. మైదానం ఎండ ముఖం మీద కొట్టింది. నాన్న ఎక్కడా ఆపలేదు. బాగైన ముందు భాగం ఒక్క చప్పుడు చెయ్యకుండా నడిచింది. ఆ దారిలో అంత మెత్తగా అది అంతకుముందెప్పుడూ నడవలేదు.

భీమిలి ఒడ్డుకు చేరేసరికి జనం తిరిగి వెళ్లిపోతున్నారు. అక్కడ ఓడ ఒడ్డుకు రాదు. దూరంగా నిలబడితే పడవల మీద మనుషుల్ని చేరవేస్తారు. ఆ పడవలన్నీ ఖాళీగా ఇసుక మీదికి లాగి ఉన్నాయి. సముద్రం చివర పొగ మాత్రం కనపడుతోంది. అత్త చీర తడుస్తున్నా చూసుకోకుండా నీళ్లలోకి నడిచింది. తాడు చుడుతున్న పడవవాడు ఆమెను చూసి చేతి పని ఆపాడు.

"ఆ గుంట తల్లివా? అమ్మొత్తాదని ఇక్కడే కూకుందమ్మా. ఆకరి పడవ దాకా ఎక్కలేదు. ఆళ్లే ఎత్తి ఏసుకున్నారు."

నాన్న ఇసుకలో కూలబడ్డాడు. పెద్ద మనిషి ఏడవడం నేను అదే మొదటిసారి చూడటం. అత్త చాలాసేపటికి నీళ్లలోంచి వచ్చి అన్న పక్కన కూర్చుని, ఆయన చేతుల మీది నెత్తురు కొంగు తడిపి తుడిచింది.

"బేగే వొచ్చినాం అన్నియ్యా. ఓడే ముందెల్లిపోనాది."

ఆ మాట తప్ప ఆ విషయం మీద ఆమె ఇంకేమీ అనగా నేను వినలేదు. నాన్న మాత్రం ఆ తర్వాత మోటారు విప్పినప్పుడల్లా సోములు చేత బండి తెప్పించి, ఎద్దుల్ని ఇంటి ముందు కట్టించేవాడు. ఏ అవసరమూ లేకపోయినా సరే, మోటారు మళ్లీ నిలబడేదాకా అవి అక్కడ గడ్డి మేస్తూ ఉండాల్సిందే. రంగం ఓడ వస్తుందని ఎవరైనా చెబితే అత్త అడగకుండానే భీమిలి తీసుకెళ్లేవాడు. దిగినవాళ్లలో ఒకడు పైడి బియ్యం మిల్లులో పనిచేస్తోందన్నాడు, ఇంకొకడు ఆ కుటుంబం మౌల్మీను అనే ఇంకో ఊరికి వెళ్లిపోయిందన్నాడు. అత్త ఇద్దరి మాటలూ నమ్మింది. కొన్నేళ్లకు మన్యం జ్వరం వచ్చి, మూడోనాడు చనిపోయింది. బుట్టలోని దండలు అమ్మ ఆమె మెడలో వేసింది.

నాకు పెళ్లై మైదానానికి వచ్చాక, యుద్ధంలో బర్మా నుంచి జనం అడవుల్లో నడిచి తిరిగి వచ్చారు. ఎముకల గూళ్లలా ఉన్న ఆ మనుషుల్ని విజయనగరం స్టేషన్లో అందరినీ అడిగాను. పైడి అనే పేరుగల ఆడవాళ్లు వాళ్లకు చాలామంది తెలుసు. నేను చెప్పే పైడి ఎవరికీ తెలియదు.

టైడాలో మా ఇల్లు లేదు, పనసచెట్టు లేదు, మట్టి బాట మీద తారు పోశారు. పొద్దున కొండ మీద రైలెక్కినవాళ్లు మధ్యాహ్నం భోజనానికి విశాఖపట్నంలో ఉంటున్నారు. పోయినేడు మనవడు నన్ను భీమిలి తీసుకెళ్లాడు. ఒడ్డున పిల్లలు గాలిపటాలు ఎగరేస్తున్నారు. వల బాగుచేసుకుంటున్న ఒక కుర్రాణ్ణి, రంగం ఓడకు పడవలు ఎక్కించే చోటు ఎక్కడ బాబూ అని అడిగాను. వాడు తలెత్తి సముద్రం వైపు చూశాడు, నా వైపు చూశాడు.

"ఓడలేటి మామ్మా," అన్నాడు, "ఈ ఒడ్డుకా?"