సున్నం గీతల ఇటుకలు

నా వకీలు జీవితంలో నేను చింపేసిన తీర్పు ఒక్కటే. అది నేను రాసిందే.

జనగామ కోర్టులో ముప్పై ఏళ్లుగా నా పనంతా భూముల పంపకాలే. అన్నదమ్ములు కొట్టుకుంటూ వచ్చేవాళ్లు. సగం తగాదాలు కోర్టు దాకా పోకుండా మా ఇంటి అరుగు మీదే తెగిపోయేవి. మా ఊళ్లల్లో అందరికీ తెలిసిన పద్ధతే నాదీ. పెద్దవాడు వాటాలు వేయాలి, చిన్నవాడు ముందు ఎంచుకోవాలి. ఏ వాటా తనకు మిగులుతుందో తెలియదు కాబట్టి వేసేవాడు తేడా చేయడు. ఇంతకంటే గొప్ప చట్టం ఇంకేముందని నాకో పొగరు ఉండేది.

ఆ పొగరుతోనే ఇరుక్కున్నాను. కాలేజీలో నాతో చదివిన ఇద్దరు, ఒకడిది మహబూబాబాద్, మా నోట మానుకోట, ఇంకొకడిది భూపాలపల్లి. ఇద్దరూ కలిసి భూపాలపల్లి పక్కన చిన్న ప్రైవేటు లిమిటెడ్ కంపెనీ పెట్టారు. థర్మల్ కేంద్రం బూడిదతో ఇటుకలు చేసే కంపెనీ. ఒప్పందం రాసింది నేనే. మనలో ఏ తగాదా వచ్చినా కోర్టుకు పోవద్దు, వకీలు చెప్పిందే మాట అని అందులో ఒక షరతు పెట్టమన్నారు. మధ్యవర్తి అన్న చోట నా పేరు రాసుకుంటూ లోలోపల మురిసిపోయాను.

కొన్నేళ్లకు తగాదా రానే వచ్చింది. కంపెనీ మూసేద్దామని మానుకోటవాడు, మూసేది లేదని భూపాలపల్లివాడు. మిషను ఆగిపోయింది. నాలుగు ఆదివారాలు ఇద్దరినీ కూర్చోబెట్టి విన్నాను. ఒకడు చాయ్ తాగుతుంటే ఇంకొకడు ముట్టడు. వీళ్లు ఇక కలిసి నడవరని తేలిపోయింది. కంపెనీని మూసేసి, ఉన్నది ఇద్దరూ పంచుకోవాలని స్టాంపు కాగితాల మీద తీర్పు రాసి సంతకం పెట్టాను.

పంపకానికి స్వయంగా భూపాలపల్లి వెళ్లాను. నాలుగు నెలలు పెద్దవాడైన భూపాలపల్లివాడు మిషను, అచ్చులు, యార్డులోని ఇటుకల దొంతరలు అన్నీ రెండు వాటాలు వేశాడు. మానుకోటవాడు అటూ ఇటూ తిరిగి, షెడ్డు పక్కనున్న దొంతరలు చూపించి "గీ దిక్కువి నాకు" అన్నాడు.

"గవి నీవెట్లయితయి సారూ? గవి నావి."

అన్నది ఆ యార్డులో పనిచేసిన ఒక ఆడమనిషి. టేకుమట్ల వైపు తండా ఆమెది. మిషను ఆగిపోయినా రోజూ వచ్చి ఆ దొంతరల దగ్గర కాపలా కూర్చుంటోందట. తండాలో వాళ్ల భాష వాళ్లదే, మాతో మాత్రం తెలుగులో మాట్లాడుతుంది.

అక్కడొక అలవాటు ఉందని నాకు అప్పుడే తెలిసింది. ఇల్లు కట్టుకుంటున్న కూలీలు కైకిలి డబ్బులకు బదులు ఇటుకలే తీసుకుంటారు. తమ ఇటుకల మీద సున్నంతో గీత గీసి పెట్టుకుంటారు. ట్రాక్టరు నిండేటన్ని కాగానే ఇంటికి తోలుకుంటారు. షెడ్డు పక్క దొంతరల నిండా తెల్ల గీతలున్నాయి. నా స్నేహితులిద్దరికీ ఆ సంగతి తెలుసు. కోపంలో మరిచిపోయారనే అనుకున్నాను, ఇప్పటికీ అలాగే అనుకోవాలని చూస్తాను.

"పంచాయితీ అయిపోయిందమ్మా, తీర్పు గూడ రాసిన" అన్నాను విసుగ్గా.

"ఎవలెవల నడుమ పంచాయితీ?"

"గీళ్లిద్దరి నడుమ."

"మరి నా ఇటుకల ముచ్చట గీళ్లెట్ల తెంపుతరు? నన్ను పిలిచిన్రా? నేను ఒప్పుకున్ననా? దర్వాజ నిలవెట్టిన, గోడలు కిటికీ దాక లేసినయి. గీ ఇటుకలు రాకుంటే నా ఇల్లు గట్లనే ఉంటది సారూ."

పంపకం అక్కడికి ఆపి జనగామ బస్సెక్కాను.

మర్నాడు హైదరాబాదులో కంపెనీ కేసులు చూసే సీనియరుకు ఫోన్ చేశాను. ఆయన అంతా విని నవ్వాడు. "వాళ్లిద్దరి మధ్య మాటల తేడాలుంటే మధ్యవర్తిగా నువ్వే తేల్చు, ఎవరూ వద్దనరు. కంపెనీని మూయడం మాత్రం కంపెనీ లా ట్రిబ్యునల్ పని. ఎంత గట్టి షరతు రాసుకున్నా నీ చేతికి రాదు. దాని మీద ఆధారపడ్డ కూలీలు, సరుకిచ్చినవాళ్లు నీ ముందు కూర్చున్నారా? ముప్పై ఏళ్ల వకీలువి, ఇది కూడా తెలియదా?" కంపెనీని కూడా నేను అన్నదమ్ములు పంచుకునే రెండెకరాల చెలక అనుకున్నాను.

స్నేహితులను పిలిచి వాళ్ల ముందే తీర్పు చింపేశాను. "నీతోని కాదని ముందుగల్లనే చెప్తే అయిపోవు గద" అని మానుకోటవాడు విసవిసా వెళ్లిపోయి ట్రిబ్యునల్‌లో కేసు వేశాడు. కొన్నాళ్లకు ఆస్తులు అమ్మి బాకీలు తీర్చడానికి ట్రిబ్యునల్ పంపిన లిక్విడేటర్ వచ్చి యార్డు గేటుకు తాళం వేసి సీలు పెట్టాడు. తాళం పడకముందే నేను సున్నం గీతలకు ఫొటోలు తీసి ఉంచాను. ఆమె తరఫున క్లెయిము నేనే రాసి వాటిని జతచేశాను. ఆమె ఒక్కో అక్షరం కూడబలుక్కుంటూ సంతకం పెట్టింది.

అప్పటి నుంచి రెండు వానాకాలాలు పోయాయి. కేసు నడుస్తూనే ఉంది. ఆ రోజే ఇద్దరినీ బతిమాలి ఆమె ఇటుకలు ట్రాక్టరెక్కించి ఉంటే బాగుండేదని చాలాసార్లు అనుకున్నాను. అలా చేస్తే, ఆ రోజు యార్డులో లేని ఇంకో కూలీ వాటా ఏమయ్యేదో కూడా నాకు తెలియదు. చేసింది న్యాయమే. అయినా మనసు కుదుటపడదు.

మొన్న భూపాలపల్లిలో పనుండి వెళ్లి, గేటు సందులోంచి యార్డులోకి చూశాను. వానలకు గీతలన్నీ కొట్టుకుపోయాయి. దొంతరలన్నీ ఒకే తీరుగా బూడిద రంగులో ఉన్నాయి. అక్కడి నుంచి తండాకు పోయాను. కిటికీ ఎత్తు గోడల మధ్య దర్వాజ ఒక్కటే నిలబడి ఉంది, పైన నీలం ప్లాస్టిక్ పట్టా కప్పారు. ఆమె చాయ్ ఇచ్చి అడిగింది.

"గీతలు ఉన్నయా సారూ?"

"పోయినయమ్మా. ఫొటోలల్ల ఉన్నయి."

ఆమె లేచి లోపలికి పోయి సున్నం డబ్బా తెచ్చి నా ముందు పెట్టింది.

"పోయి మల్ల గీస్త. జర గేటు తీపియ్యి సారూ."

ఆ యార్డునంతా ఒక్క పూటలో రెండు వాటాలు వేయించిన నాకు ఆ గేటు తాళం తీయించే అధికారం లేదు. ఆ మాటే ఆమెకు చెప్పాను.